పురుషోత్తం గారు తిప్పి పంపని ఫిర్యాదు

మొన్న మా వీధి చివర ఎవరో పాత తాటాకు పందిరి విప్పి తగలబెట్టారు. సగం కాలాక వాన పడింది. తడిసిన బూడిద వాసన కిటికీలోంచి వస్తుంటే చదువుతున్న పేపరు పక్కన పెట్టేశాను. ఆ వాసన మొదటిసారి నాకు తగిలింది దివిసీమలో, మా మేజిస్ట్రేటు పురుషోత్తం గారి వెనక నడుస్తున్నప్పుడు.

అరవైల మొదట్లో బందరు కోర్టులో నేను ఆయన దగ్గర బెంచి గుమాస్తాను. ఆయనది గుడివాడ. సన్నగా ఉండేవారు, గొంతు పెంచి మాట్లాడగా నేనెప్పుడూ వినలేదు. ఆయన వచ్చేనాటికే ఆ ఉద్యోగంలో నాకు తొమ్మిదేళ్ళు. పోలీసులు న్యాయం చెయ్యలేదని ఎవరైనా నేరుగా కోర్టుకు ఫిర్యాదు తెస్తే, విచారించి నివేదిక పంపమని మళ్ళీ ఆ స్టేషనుకే రాసిన కాగితం ముందే సిద్ధం చేసి ఉంచేవాణ్ణి. దొరగారి సంతకం ఒక్కటే తక్కువ. పనిమంతుడినని నాకు పేరు కూడా ఉండేది.

ఒకరోజు నాగాయలంక అవతలి ఊరినుంచి మిషను బడి టీచరు సుగుణమ్మ గారు వచ్చారు. నాట్ల కూలి పెంచమని ఊరి కామందును అడిగి, వాళ్ళ మాలపేటవాళ్ళు పనిలోకి వెళ్ళడం మానేశారట. నాలుగోనాడు పేటలో పదకొండు ఇళ్ళు తగలబడ్డాయి. ఆమె తండ్రి మంటల్లో చనిపోయారు. ఆ ముసలాయన పొయ్యి ఆర్పకుండా పడుకోవడం వల్లే నిప్పంటుకుందని స్టేషనులో రాసి కేసు మూసేశారు.

నేను అలవాటుగా నా కాగితం ముందు పెట్టాను. ఆమె అది చూశారు.

"మళ్ళీ వాళ్ళకే పంపకండి బాబుగారూ."

"ఏమ్మా?" అన్నారు పురుషోత్తం గారు.

"ఎస్సై గారు కామందు గారి అరుగుమీద కూర్చుని మమ్మల్ని అక్కడికి పిలిపించారండీ. నిప్పు పెట్టినవాళ్ళు పక్కనే నిలబడి ఉన్నారు. ఇంక మేమేం చెబుతామండీ?"

పురుషోత్తం గారు కలం తీశారు. నా కాగితం మీద అడ్డంగా గీత కొట్టి, "ఈ విచారణ నేనే చేస్తాను. ఎల్లుండి అవనిగడ్డ బస్సుకు తయారుగా ఉండండి" అని నాతో అన్నారు. అలా చేసే అధికారం కోర్టుకు ఎప్పుడూ ఉంది. నాకూ తెలుసు. ఎవరూ వాడగా చూడలేదు, అంతే.

అవనిగడ్డ నుంచి ఎడ్లబండిలో వెళ్ళాం. కామందు అరుగుమీద రెండు కుర్చీలు వేయించి, మజ్జిగ పెట్టించి ఉంచాడు. పురుషోత్తం గారు నమస్కారం చేసి, ఆగకుండా పేటకు నడిచారు. వాన వెలిసిన పొద్దు. మొండిగోడల మధ్య బడి బెంచీ వేయించుకుని కూర్చున్నారు. మొదట ఎవరూ నోరు విప్పలేదు. చివరికి ఒక ముసలమ్మ అడిగింది: "బాబయ్యా, మేం చెప్పింది ఎస్సై గారికి ఇస్తారా?"

"ఇవ్వనమ్మా. మేమే రాసుకుంటాం, కోర్టులోనే ఉంటుంది. నెమ్మదిగా చెప్పు."

పొద్దు వాలేదాకా రాశాం. నా వేళ్ళు నొప్పిపుట్టాయి.

ఆయన ఆ కేసును సెషన్సు కోర్టుకు పంపారు. కొన్ని నెలల తర్వాత ముగ్గురికి శిక్ష పడింది. కామందు మాత్రం సాక్ష్యం చాలక బయటపడ్డాడు. తీర్పు విన్న మధ్యాహ్నం సుగుణమ్మ గారు మా వరండాలోకి వచ్చారు. కామందు తప్పించుకున్నందుకు నేనేదో ఓదార్పు మాట మొదలుపెట్టాను.

"తెలుసండీ. ఇంటికెళ్ళి ఏడుస్తాను" అన్నారు. "కానీ మా నాన్నే పేట తగలబెట్టుకున్నాడని రాశారు కదండీ, అది తప్పని జడ్జిగారు చదివారు. మా అమ్మకు ఆ మాట చెప్పాలి."

పురుషోత్తం గారు లేచి నిలబడి ఆమెకు నమస్కరించారు.

మరుసటి ఏడాది ఆయనకు బదిలీ అయింది. తర్వాత ఇరవై ఏళ్ళకు పైగా పనిచేశాను. ఏ ఫిర్యాదూ చివరిదాకా చదవకుండా మేజిస్ట్రేటు ముందు పెట్టలేదు. దాన్ని నా మంచితనంగా ఎవరైనా చెప్పబోతే ఆపుతాను. ఆ మొదటి తొమ్మిదేళ్ళలో నేను చదవకుండా తిప్పి పంపినవాటిలో ఎవరెవరి నాన్నల మీద ఏమేం రాసి ఉందో, ఇప్పటికీ నాకు తెలియదు.