గీయని కిటికీ

"నేను గీయని కిటికీ ఎందుకు కోశారు మావయ్యా?"

"గదికి ఊపిరాడక కోశాను అల్లుడుగారూ."

"అట్టముక్క గదికి ఊపిరేమిటి, చోద్యం కాకపోతే!"

కట్టబోయే ఇళ్లకు అట్టతో నమూనాలు చేయడం మామగారి పని. ఏ నమూనానైనా ఆయన గుమ్మానికి కన్ను ఆనించి లోపలికి చూస్తారు. ఆర్కిటెక్టు అల్లుడికి మాత్రం ఇల్లంటే బయటికి కనబడే ఆకారమే. ఈ నమూనా అతను తన కాపురానికి గీసుకున్న ఇంటిది. అందులో కొలత కోసం చివరి గదిలో నిలబెట్టిన అంగుళం ఎత్తు మనిషి బొమ్మ మూడు రోజులుగా పొద్దున్నే గోడవైపు తిరిగి ఉంటోంది.

అల్లుడు నవ్వి, ఆ గది కిటికీకి అట్ట అంటించి, గుమ్మంలోంచి తొంగిచూశాడు. గుమ్మం తప్ప ఎటూ సందులేని ఆ గదిలోంచి చల్లటి గాలి అతని కంటికి తగిలింది. నవ్వు ఆగిపోయింది.

మామగారు గొంతు తగ్గించారు.

"ఇల్లు మీ ఇష్టం బాబూ. ఆ గదిలో మాత్రం మా అమ్మాయిని ఒంటరిగా ఉంచకండి."