రేవు రొట్టె

మొన్న ఆదివారం మా మనవరాలు వంటింట్లో దూరి, బజారు నుంచి తెచ్చుకున్న పొట్లమేదో కత్తిరించి, అందులోని గోధుమరంగు పొడిని నీళ్ళలో కలిపి, స్టవ్వు మీద గరిటెతో తిప్పి తిప్పి, చిక్కబడ్డాక గిన్నెతో సహా తెచ్చి నా ముక్కు కింద పెట్టి, ఇదేంటో చెప్పుకోమంది. మిరియాల ఘాటూ, వేగిన పిండి కమ్మదనమూ, వెనకాల ఎక్కడో కోడి ఉడికిన వాసనా కలిసి తగిలేసరికి, ఆలోచించకుండానే "రేవు" అనేశాను. అది పగలబడి నవ్వింది. "రేవేంటి అమ్మమ్మా, గ్రేవీ!" అంటూ పొట్లం మీది అక్షరాలు చూపించింది. కళ్ళజోడు తెచ్చుకుని చూద్దును కదా, నిజమే. బడిలో లెక్కలు చెప్పి రిటైరైనదాన్ని, ఆ మాట హోటళ్ళలో ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు, అయినా ఇన్నేళ్ళలో ఆ రెండు మాటల్నీ పక్కపక్కన పెట్టి చూడాలని నాకెప్పుడూ తోచలేదు. మనవరాలు నవ్వుతూనే ఉంది. నాకు మాత్రం నవ్వు రాలేదు, మా పిన్ని గుర్తొచ్చింది.

పిన్ని సంగతి చెప్పాలంటే ముందు బ్రెడ్డు సంగతి చెప్పాలి. నా ఈడువాళ్ళకి చెప్పనక్కర్లేదు గానీ, డెబ్భైల్లో, పెనుగొండ పక్కన మా ఊళ్ళో, రొట్టె అంటే మూకుట్లో నిప్పుల మీద కాలిన మినపరొట్టే. బజారులో మైనం కాగితం చుట్టి అమ్మే బ్రెడ్డుని మేం పిల్లలం జ్వరం రొట్టె అనేవాళ్ళం. ఇంట్లో ఎవరో ఒకరు మంచం పడితే తప్ప అది గుమ్మం తొక్కేది కాదు. నాన్నగారు సైకిలు హ్యాండిలుకి బ్రెడ్డు పొట్లం తగిలించుకుని వస్తుంటే కాలవ గట్టు దగ్గర్నుంచి మా ఇంటిదాకా ప్రతి అరుగూ ఆపి, "ఏమండీ, ఇంట్లో ఎవరికండీ?" అని అడిగేది. ఒకసారి ఆయన ఏ జ్వరమూ లేకుండా, ఊరికే తినాలనిపించి కొనుక్కొస్తే, పొద్దు వాలేలోగా పక్కింటి అత్తయ్య బత్తాయిలు పట్టుకుని చూడ్డానికి వచ్చేసింది. వచ్చినావిణ్ణి చిన్నబుచ్చడం ఇష్టంలేక అమ్మ గబగబా మా తమ్ముడికి దుప్పటి కప్పి పడుకోబెట్టింది. వాడు బత్తాయిలన్నీ తిన్నాడు, ఆ తరవాత నిజంగానే కడుపునొప్పి తెచ్చుకున్నాడు.

ఇక పిన్ని. మా బాబాయి కొబ్బరికాయల వ్యాపారం చేసేవాడు. గోదారి అవతలి ఒడ్డు నుంచి పడవల మీద వచ్చే కాయ దింపించుకోడానికి తరచు నరసాపురం రేవుకి వెళ్ళేవాడు. అక్కడే, గోదారి దాటించే పంటు ఎక్కడానికి నిలబడ్డ పిన్నిని చూసి మనసు పడి, చేసుకుంటే ఆ పిల్లనే చేసుకుంటానని భీష్మించుకుని కూర్చున్నాడు. అన్ని విధాలా మావాళ్ళే, వంక పెట్టడానికేమీ లేదు. కానీ ఆవిడ తండ్రి అక్కడి మిషను ఆసుపత్రి దొరసాని బంగళాలో వంట చేసేవాడు. అదే మా నాయనమ్మకి మింగుడుపడలేదు. దొరలకి ఏమేం వండి పెట్టిన చేతులో, ఆ చేతుల దగ్గర నేర్చుకున్న వంట ఇంకెలా ఉంటుందో అని ఆవిడ అనుమానం. పెళ్ళయితే జరిగింది గానీ, కోడల్ని పేరు పెట్టి పిలిచిన పాపాన పోలేదు. ఎవరితో చెప్పినా "రేవులో దొరికిన పిల్ల" అనేది, పడవ దిగేటప్పుడు ఎవరో మర్చిపోయిన సంచీ గురించి చెబుతున్నట్టు.

పొయ్యి దగ్గరికి రానిచ్చేది కాదు. రావద్దని మొహాన అనలేదు లెండి, మా నాయనమ్మ అంత మోటుమనిషి కాదు. పిన్ని వంటింటి గడప దాకా వస్తే చాలు, మా అమ్మ వైపు తిరిగి, ఆ పిల్లని పొగలో కూర్చోవద్దని చెప్పు, కళ్ళు మండుతాయి అనేది. మా ఇంట్లో బీరువా తాళాల కన్నా ఊదుగొట్టానికి విలువెక్కువ. అది నాయనమ్మ చేతిలో ఉండేది, ఆవిడ అలిసిపోతే అమ్మ చేతికి వచ్చేది, అంతటితో సరి. పిన్ని వెనక వసారాలో కూర్చుని, పుట్టింట్లో నేర్చుకున్న లేసు అల్లుకుంటూ ఉండేది. అత్తారింటికొచ్చి పనెక్కువై ఏడ్చినవాళ్ళని చూశాను గానీ, పని చెప్పేవాళ్ళు లేక కుమిలిపోయినావిడని పిన్నినే చూశాను.

కాపరానికి వస్తూ ఆవిడ ఒక సీమకోళ్ళ జంటని తెచ్చుకుంది. అవే, ఇప్పుడు టర్కీ కోళ్ళంటున్నారు. దొరసాని క్రిస్మస్‌కని పెంచే మందలోంచి ఇచ్చిందట. మెడ కింద ఎర్రటోలు వేళ్ళాడేసుకుని, తోక విప్పి, రొమ్ము విరుచుకుని, పెరడంతా తన ఏలుబడే అన్నట్టు తిరిగే పుంజుకి బాబాయి మునసబు అని పేరు పెట్టాడు. అసలు మునసబుగారి ఇల్లు మా వీధిలోనే కాబట్టి ఆ పేరుని కాస్త గొంతు తగ్గించి పిలవాల్సివచ్చేది. అది పిన్ని అరచేతిలో నూకలు తినేది, ఆవిడ ఎటు వెళితే అటు వెనకే నడిచేది. ఆ ఇంట్లో ఆవిడ చేత్తో పెట్టింది తినే ప్రాణి అదొక్కటే.

ఆ ఏడు వానాకాలంలో తాతయ్యకి టైఫాయిడ్ వచ్చింది. జ్వరమైతే దిగింది గానీ, నోరు చచ్చిపోయింది. విస్తరి ముందు కూర్చుంటే వడ్డించేవాళ్ళు అలిసిపోవాలే తప్ప తను అలిసేవాడు కాదని పేరున్న మనిషి, బ్రెడ్డూ పాలూ చూడగానే మొహం గోడవైపు తిప్పేసుకునేవాడు. బీరకాయ కూరన్నా అంతే, చారన్నమన్నా అంతే. చేతులు పుల్లల్లా అయిపోయాయి, చెవులు కూడా సరిగ్గా వినపడేవి కావు. పెనుగొండ డాక్టరుగారు వచ్చి, ఇక మందులతో పని లేదు, తిండి లోపలికి వెళ్ళకపోతే మనిషి దక్కడం కష్టం, కారం లేకుండా మెత్తగా ఏదైనా సరే పెట్టండి అని చెప్పి వెళ్ళిపోయారు. ఎవరికీ లొంగని మా నాయనమ్మ మంచం పట్టె మీద కూర్చుని, ఒక్క ముద్దండీ, ఒక్కటే ఒక్కటండీ అని బతిమాలుతూ పమిటతో కళ్ళొత్తుకోవడం అప్పుడే చూశాను. ఇల్లంతా బిక్కచచ్చిపోయింది.

పిన్నికి ఒక ఆలోచన వచ్చింది. జ్వరపడి లేచినవాళ్ళకి దొరసాని, పిన్ని తండ్రి చేత వండించే వంటకం ఒకటుందట. కోడిని మెత్తగా ఉడకబెట్టి, ఆ రసాన్ని చిక్కగా చేసి, కాల్చిన బ్రెడ్డు మీద వేడివేడిగా పొయ్యడం. బాబాయితో చెప్పింది, బాబాయి వాళ్ళమ్మతో చెప్పాడు. నాయనమ్మ ఇంతెత్తున లేచింది. మా వైపు భూమ్మీద తినే వస్తువులన్నీ వేడి చేసేవీ, చలవ చేసేవీ, వాతం చేసేవీ అని మూడు రకాలు, టైఫాయిడ్ పథ్యంలో కోడి అంటే చేతులారా విషం పెట్టడమే. అప్పుడు మా బాబాయి, ప్లీడరు కావలసినవాడు కొబ్బరికాయలు లెక్కపెట్టుకుంటూ ఉండిపోయాడనుకుంటాను, నెమ్మదిగా అడిగాడు. "కోడి వేడేనమ్మా, నేను కాదన్నానా? సీమకోడి వేడని మీ పెద్దాళ్ళెవరైనా చెప్పారేంటి?"

నాయనమ్మ వాళ్ళ అమ్మగానీ, అమ్మమ్మగానీ సీమకోడిని కళ్ళతో చూసి ఉంటే కదా, వేడో చలవో చెప్పడానికి. చివరికి తాతయ్య మంచం వైపు చూసి, "ఏమోరా, మీ ఇష్టం. ఏదైనా తేడా వస్తే మాత్రం..." అని ఆగి, వెనక వసారా వైపు ఒక చూపు చూసింది. ఆ మిగతా మాట అందరికీ వినపడింది. తాతయ్యకి ఏమైనా అయితే ఆ నింద పిన్ని జన్మంతా మొయ్యాలి. ఆ సంగతి పిన్నికి తెలుసు, అయినా లేచింది.

పెట్ట గుడ్లు పొదుగుతోంది కాబట్టి, పోవలసింది మునసబే. పిన్ని ఎప్పటిలాగే అరచేతిలో నూకలు పోసుకుని పిలిచింది, అది ఎప్పటిలాగే ఠీవిగా నడిచి వచ్చింది. దాన్ని ఎత్తి బాబాయి చేతుల్లో పెట్టి, వెనక్కి చూడకుండా లోపలికి వెళ్ళిపోయింది. మళ్ళీ వచ్చేసరికి ఆవిడ కళ్ళు ఎర్రగా ఉన్నాయి. పొగకి అంది. పొయ్యి ఇంకా ముట్టించనే లేదు.

వంటింట్లోకి రమ్మని ఎవరూ అనలేదు, ఆవిడా అడగలేదు. పశువుల పాక చూరు కింద మూడు ఇటుకలు పేర్చుకుని అక్కడే మొదలుపెట్టింది. మాంసం, ఉల్లిపాయ, మిరియాలు, ఉప్పు, నిండా నీళ్ళు, అంతే. సన్నని సెగ మీద పొద్దుటి నుంచి ఉడికింది. ఉడికిన మాంసాన్ని ఎముకా నరమూ లేకుండా వేళ్ళతో విప్పి, వెన్నలా నలిగేదాకా సన్నగా తరిగింది. మూకుట్లో వెన్న కరిగించి, మైదాపిండి వేసి, ఎర్రగా వేగి కమ్మటి వాసన వచ్చాక, వడకట్టిన రసాన్ని కొంచెం కొంచెంగా పోస్తూ, ఉండ కట్టకుండా చెయ్యి ఆపకుండా తిప్పింది. నాయనమ్మ వంటింటి గుమ్మంలో నిలబడి, కారం లేని కూరేంటి, చింతపండు లేని పులుసేంటి, చోద్యం కాకపోతే అని గోడకి చెబుతోంది. కానీ అక్కణ్ణించి కదల్లేదు. బ్రెడ్డు ముక్కల్ని పెనం మీద రెండువైపులా కాల్చి, మధ్యలో మాంసం పెట్టి, పళ్ళెంలో ఉంచి, పైనించి ఆ వేడి రసం ముక్కలు మునిగేదాకా పోసి, పిన్ని పళ్ళెం మా అమ్మకి అందించింది. తను తలుపు చాటునే ఉండిపోయింది.

వాసనకే తాతయ్య గోడవైపు నుంచి ఇటు తిరిగాడు. ఏంటిది అని అడిగాడు. అమ్మకి తెలియక తలుపు వైపు చూసింది. "గ్రేవీ అండి మావయ్యగారూ, బ్రెడ్డు మీద" అందట పిన్ని, మాకు కూడా వినపడనంత మెల్లగా. తాతయ్య చెవులకి అందులో సగమే అందింది.

"రేవా? ఓహో, మా రేవు పిల్ల రేవు రొట్టె చేసిందన్నమాట!"

జ్వరం వచ్చాక ఆయన నవ్వడం అదే మొదలు. అమ్మ చెంచాతో తుంపి నోట్లో పెట్టింది. నమిలాడు, మింగాడు, మళ్ళీ నోరు తెరిచాడు. చివరికి పళ్ళెం తన వైపు లాక్కుని అడుగున మిగిలిన రసాన్ని వేలితో తుడుచుకుని నాకేశాడు. ఆ తరవాత నాయనమ్మ గడియకోసారి ఆయన నుదురు పట్టి చూస్తూనే ఉంది. పిన్ని ఆ రోజు పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టలేదు.

తెల్లవారి తాతయ్య మంచం మీంచి కేకేశాడు, రేవు రొట్టె లేదా అని. పిన్ని పాక దగ్గర కొత్త పుల్లలు ఏరుకుంటుంటే నాయనమ్మ పెరట్లోకి నడిచింది. పెళ్ళయిన దగ్గర్నుంచి మధ్యలో ఇంకో మనిషి లేకుండా ఆవిడతో మాట్లాడింది లేదు. "ఏమమ్మా, మీ మావయ్యగారు రేవు రొట్టె అడుగుతున్నారు. ఆ ఇటుకలు అవతల పడేసి లోపలికి రా" అని, చేతిలో ఉన్న ఊదుగొట్టం ఇచ్చింది. పిన్ని దాన్ని పట్టుకుని వంటింటి పొయ్యి ముందు కూర్చుంది గానీ, ఊదకుండా పుల్లలే సర్దుతూ ఉండిపోయింది. నాయనమ్మే పక్కన చతికిలబడి, పొగ ఎక్కువగా ఉందే ఇవాళ అని, తన కళ్ళు తుడుచుకుంది.

తాతయ్య లేచి తిరిగాడు. రేవు రొట్టె మా ఇంట్లో ఉండిపోయింది, నాటుకోడితో, బాతుతో, ఆఖరికి మిగిలిపోయిన ఏ కూరతోనైనా. నాయనమ్మ ఒకసారి పచ్చిమిరపకాయా, ఇంకోసారి అల్లం ముక్కా చాటుగా అందులోకి చేర్చి, దొరసాని చూస్తే గుర్తుపట్టలేనంత మావైపు వంట చేసేసింది. రేవులో దొరికిన పిల్ల అనడం మాత్రం మానేసింది. నరసాపురం రేవు నుంచి వచ్చిన పిల్ల చేసింది కాబట్టే ఆ పేరని మేం పిల్లలమంతా నమ్మాం, మా పిల్లలకీ అలాగే చెప్పాం.

బాబాయి పోయాక పిన్ని కొవ్వూరులో కూతురి దగ్గర ఉంటోంది. మనవరాలు నవ్విన మర్నాడే, మేముండే రాజమండ్రిలో బ్రెడ్డు కొనుక్కుని, గోదారి బ్రిడ్జి దాటి వెళ్ళాను. ఆ మాట గ్రేవీ అని నీకు తెలుసు కదా, ఇన్నేళ్ళూ ఎందుకు దిద్దలేదని అడిగాను. లేసు అల్లిన వేళ్ళు ఇప్పుడు వణుకుతున్నాయి గానీ నవ్వు మాత్రం అదే.

"ఎందుకు దిద్దుతానమ్మా? మా అత్తయ్యగారు అదే మాటతో నన్ను ఎన్నిసార్లు పొడిచారో నీకు తెలీదు. రొట్టె మీద పోశాక అదే మాట ఆవిడ నోట్లో మెత్తబడింది. మా రేవు పేరు ఆ ఇంట్లో ముద్దుగా వినపడుతుంటే, కాదండీ, గ్రేవీ అనమంటావేంటి?"

ఇప్పుడు అందరికీ అన్ని మాటలూ సరిగ్గానే వస్తున్నాయి. మా మనవరాలికి ఏ దేశపు వంటకమైనా పేరు తప్పు పోదు, పొట్లం కత్తిరిస్తే చాలు, మునసబులాంటివాడు చావక్కర్లేదు, చూరు కింద ఇటుకలు పేర్చుకోనక్కర్లేదు. అది మంచిదే, కాదనను. కానీ ఆ రోజు కొవ్వూరులో బస్సు దిగి, బ్రెడ్డు పొట్లాన్ని సంచీలో పెట్టకుండా, కావాలనే చేత్తో పట్టుకుని పిన్ని ఇంటిదాకా నడిచాను. గుమ్మాల్లో మనుషులున్నారు, కొట్ల ముందు మనుషులున్నారు. ఎవరైనా అడిగితే చెప్పడానికి జవాబు కూడా సిద్ధం చేసుకున్నాను, ఎవరికీ జ్వరం లేదండీ, మా పిన్నికి రేవు రొట్టె చేసి పెడదామనీ, అని.

వీధి అయిపోయింది. ఇంట్లో ఎవరికండీ అని ఒక్కరూ అడగలేదు.