సగంలో చెయ్యి మారిన దుప్పటి

మొన్న మంగళవారం మా పెద్దమ్మ పోయింది. "ముసలామె ఆఖరిదాక నూలు కండెలు చుట్టుకుంటనే ఉన్నది," అన్నాడు కబురు తెచ్చిన మనిషి. నాకు ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి. ఖాళీగా కూర్చున్న పెద్దమ్మను నేనెప్పుడూ చూడలేదు మరి.

నిజాం కాలంలో, దేవరకొండ దగ్గర మా సాలెవాడలో మావి గోడకు గోడ ఇళ్లు. పెదనాన్న తొందరగా పోతే, పెద్దమ్మ తన కొడుకును, అంటే మా అన్నను, ఒంటిచేత్తో పెంచి మగ్గం గుంటలో కూర్చోబెట్టింది. మేం పిల్లలం పోగు తెంపి బిక్కమొహం వేస్తే, "ఏడుస్తె అతుకుతదా? ముడెయ్యి," అనేది. ఆ మాట నాకు జీవితమంతా పనికొచ్చింది.

ఒకరోజు అన్న షోలాపూర్ మిల్లుకు పోతానన్నాడు.

"దొర గడీకి ఉత్తగ నేసిచ్చుడు ఇంక నాతోని గాదమ్మా."

"మీ నాయిన కూసున్న గుంట. ఇడిసిపెట్టి పోతవా?"

"పోత."

"పో. మల్ల నా ముఖం సూడకు."

కాళ్లు మొక్కబోతే లోపలికి వెళ్లిపోయింది. మగ్గం మీద గడీకని మొదలుపెట్టిన దుప్పటి సగంలోనే ఉంది.

మా వాడలో ఆడవాళ్లు కండెలు చుట్టేవారే కాని గుంటలో దిగి నేసేవారు కాదు. మర్నాడు పెద్దమ్మ దిగింది. అన్న నేత బిగువు, ఆమెది వదులు. ఎక్కడ చెయ్యి మారిందో ముట్టుకుంటే చాలు, తెలిసిపోయేది. గడీ మనిషి వచ్చి దుప్పటి ఇమ్మంటే, "నా కొడుకు మొదలువెట్టిండు, వానికే పోతది. దొరకు చెప్పుకో పో," అంది. అలా అనడానికి ఆ రోజుల్లో మగవాళ్లకే గుండె చాలేది కాదు. మా అమ్మ భయపడి తలుపేసుకుంది. పెద్దమ్మ మాత్రం నేత ఆపలేదు.

షోలాపూర్ పోయేవాళ్లతో దుప్పటి పంపింది, మాట పంపలేదు. తర్వాత అన్న వచ్చిపోతున్నా, వాడు ఎదురుగా ఉండగానే "తిన్నడా?" అని నన్ను అడిగేది. ఆ పంతం చూస్తే నాకు ఒళ్లు మండేది. ఆ మనిషంటే ప్రాణం కూడా.

నేను వెళ్లేసరికి తల నెరిసిన అన్న శవం పక్కన కూర్చుని ఉన్నాడు. శవం మీద కప్పడానికి కొత్తబట్ట తెమ్మంటే సంచిలోంచి ఆ దుప్పటి తీశాడు.

"పాతది కప్పరు బిడ్డా," అన్నాడు వాడపెద్ద.

"కొత్తదే కాకా. ఒక్కనాడు సుత కప్పుకోలె. అమ్మ నోటితోని కప్పుకొమ్మంటదని ఎదురుసూసిన."

తను నేసిన సగం కాళ్ల వైపు పరిచి, ఆమె నేసిన సగాన్ని ముఖం మీదికి జరిపాడు. ఆ వదులు నేతలోంచి పెద్దమ్మ ముఖం లీలగా కనబడుతూనే ఉంది. పాడె లేపేదాకా అన్న ఆ ముఖాన్నే చూస్తూ నిలబడ్డాడు.