మస్తాన్ విన్న రెండు చప్పుళ్లు

2022 డిసెంబరు. కాలేజీల మధ్య జరిగే అమ్మాయిల ఫుట్‌బాల్ పోటీల ఫైనల్ ఆ ఏడు పులివెందులలో పెట్టారు. నేను ప్రొద్దుటూరులో ఒక డిగ్రీ కాలేజీకి ఫిజికల్ డైరెక్టర్‌ని, అంటే ఆటల మాస్టారిని. అప్పటికి ఇరవై ఆరేళ్ల సర్వీసు. ఈ పనిలో ఇంక నేర్చుకునేదేముందిలే అనుకునే వయసు.

మా అసిస్టెంట్ కోచ్ మస్తాన్ వలీ, జమ్మలమడుగు మనిషి. అసిస్టెంట్ కోచ్ అంటే వార్మప్ చేయించడం, బంతులకు గాలి కొట్టడం, గాయాలు చూసుకోవడం, పైగా నా చేత తిట్లు తినడం. అంతకు ఎనిమిదేళ్ల ముందు అతనే మా కాలేజీ సెంటర్ ఫార్వర్డ్. ముందు వరసలో ఉండి గోల్స్ కొట్టేవాడు. అబ్బ, ఏం ఆటగాడు! అలాంటివాణ్ణి మళ్లీ చూడలేదు. చివరి సంవత్సరం ఒక మ్యాచ్ ముందు నా దగ్గరికొచ్చి, "సార్, మోకాలు జారినట్టుంటాంది" అన్నాడు. నేను నొప్పి స్ప్రే కొట్టి, "ఏం కాదు పోప్పా" అని లోపలికి పంపాను. ఇరవయ్యో నిమిషంలో కాలు మడతపడి కూలిపోయాడు. మళ్లీ ఆడలేదు. ఆటలో ఇవన్నీ మామూలేనని అందరికీ చెప్పాను, నాకు నేనూ చెప్పుకున్నాను.

తర్వాత అతను నాపరాళ్ల పాలిష్ ఫ్యాక్టరీలో పనికి చేరాడు. మేం అమ్మాయిల టీమ్ పెట్టినప్పుడు కబురు చేస్తే మర్నాడే దిగాడు, ఆటోలో ఒక నాపబండ వేసుకుని.

నేను పగలబడి నవ్వాను. "ఏందప్పా ఇది, గ్రౌండులో బట్టలు ఉతుకుదామనా?"

"పైకి నున్నగా ఉండే బండలో గూడా లోపల నెర్రె ఉంటాది సార్. అది కంటికి కనపడదు. ఫ్యాక్టరీలో తట్టి ఆ చప్పుడు ఇంటాం" అన్నాడు.

రోజూ అమ్మాయిలు ఒక్కొక్కరే వచ్చి, బూట్లు విప్పి, ఆ బండ మీద ఎగిరి రెండు కాళ్లతో దిగాలి. అతను అటు తిరిగి నిలబడి వింటాడు. కాళ్లు బాగుంటే ఒకటే చప్పుడు. ఒక కాలు భయపడితే అది కాస్త ఆలస్యంగా ఆనుతుంది, అప్పుడు రెండు చప్పుళ్లు. రెండు వినపడితే ఆ పిల్లకు ఆ రోజు పరుగు లేదు. నాకు మాత్రం ఇదంతా తమాషాగానే ఉండేది. ఫైనల్‌కు కూడా ఆ బండను బస్సు సీటు కింద పెట్టుకుని, కండక్టరు చేత చీవాట్లు తిన్నాడు.

మా టీమ్ బలమంతా గంగాదేవి. చిలమకూరు పిల్ల, రెండో సంవత్సరం. వాళ్ల నాయన లారీలకు సిమెంటు మూటలు ఎత్తుతాడు. యూనివర్సిటీ జట్టును ఎంపిక చేసేవాళ్లు ఆ మ్యాచ్ చూడటానికి వస్తున్నారు. జట్టులో చోటు దొరికితే స్పోర్ట్స్ కోటాలో పోలీసు ఉద్యోగానికి దారి పడుతుందని ఆ పిల్ల ఆశ.

మ్యాచ్ రోజు పొద్దున గంగాదేవి బండ మీద ఎగిరింది. "ఇంగోసారి మా" అన్నాడు మస్తాన్. మూడుసార్లు ఎగిరించి నా దగ్గరికొచ్చాడు. "ఈ పాపను ఆడించొద్దు సార్. ఒక మోకాలు బాగలేదు."

నాకు ఒళ్లు మండింది. "నీకేమన్నా పిచ్చా? బండ చెప్పిందని సెంటర్ ఫార్వర్డ్‌ను కూర్చోబెడితే నలుగురూ నవ్వరా?"

గంగాదేవి ఏడుపు లంకించుకుంది. "నాకేం నొప్పి లేదు సార్, మా నాయన మీద ఒట్టు! ఈ ఒక్క పొద్దు ఆడనీండి. వాళ్లు మల్లా రారు సార్."

మస్తాన్ ఆ పిల్లను పల్లెత్తు మాట అనలేదు. తన మోకాలి సంగతీ ఎత్తలేదు. ఎత్తి ఉంటే నేను అరిచి నోరు మూయించేవాణ్ణే. "నా మాట వదిలేయండి సార్. మీరే అటు తిరిగి కండ్లు మూసుకోండి" అన్నాడు, అంతే.

మూసుకున్నాను. ముందు వేరే అమ్మాయి దిగింది. టప్. తర్వాత గంగాదేవి. టప్, టప్. మధ్యలో రెప్పపాటు ఎడం కూడా లేదు, అయినా స్పష్టంగా విన్నాను. ఇరవై ఆరేళ్లు ఆటగాళ్ల మధ్యే బతికి, ఇలాంటిది ఒకటి వినొచ్చని నాకు తెలియనే తెలియదు. నా దగ్గర ఆట నేర్చుకున్నవాడు ఎంత ఎత్తుకు ఎదిగాడో అప్పుడు తెలిసింది.

జాబితాలో గంగాదేవి పేరు కొట్టేశాను. మూడు గోల్స్ తేడాతో ఓడిపోయాం. తిరుగు బస్సులో ఆ పిల్ల మా ఇద్దరి మొహం చూడలేదు.

రెండు రోజులకు కడపలో స్కాన్ తీయించాం. ఏసీఎల్ అని మోకాలి లోపల పైఎముకనూ కిందిఎముకనూ పట్టి ఉంచే పట్టీ ఒకటుంటుంది. అది సగం తెగి ఉంది. "ఆడి ఉంటే?" అని అడిగాను. "గట్టిగా ఒక్కసారి మలుపు తిరిగినా మిగతాదీ పోయేది" అన్నాడు డాక్టరు. అప్పుడు నోరు విప్పింది గంగాదేవి. పది రోజుల కిందట కాలు మెలిపడిందట, మాత్రలు మింగి దాచిందట. మస్తాన్ చేయి పట్టుకుని వెక్కివెక్కి ఏడ్చింది.

బయట టీ తాగుతూ అడిగాను. "మనుషులను గూడా ఇట్ల ఇనాలని నీకెట్ల తోచిందప్పా?"

"ఫ్యాక్టరీలో బండలు తట్టుతా ఉంటే ఒగనాడు అనిపించింది సార్. ఆ పొద్దు నన్ను గూడా ఎవరన్నా ఇట్ల తట్టి ఇనుంటే బాగుండు గదా అని."

ఆ మాటలో కోపం లేదు. అదే నన్ను చంపేసింది. "నువ్వు నోరు తెరిచి చెప్పినావు మస్తానూ. నేనే ఇనలేదు. తప్పు నాది" అన్నాను. ఆ మాట నా నోట రావడానికి ఎనిమిదేళ్లు పట్టింది. అతను కంగారుపడి, "అయ్యో, అట్ల అనొద్దు సార్" అంటూ గ్లాసు పక్కన పెట్టి నా రెండు చేతులూ పట్టుకున్నాడు.

గంగాదేవి నెలల తరబడి వ్యాయామాలు చేసి, మరుసటి ఏడు యూనివర్సిటీ జట్టులో ఆడింది. నేను నేర్చుకున్నది ఒక్కటే. ఆటగాడు నొప్పి అన్నా, లేదని ఒట్టు పెట్టినా, గెలవాలనే తొందరలో ఉన్నవాడు దాన్ని తేల్చకూడదు. నా తొందర నాకు తెలుసు. అందుకే మా టీమ్ జాబితా మీద ముందు మస్తాన్ సంతకం పడుతుంది, ఆ తర్వాతే నాది.