చిటికెన వేలు

రియాద్‌ల, సులై లేబర్ క్యాంపుల మా గదికి ఒక మేస్త్రి ఉండె. శుక్రారం సెలవొస్తే ఆయనకు కాలు నిలవకపోయేది. మంచాలు పక్కకు జరిపి, "తమ్మీ, మా తాత ఎట్ల చచ్చేటోడో చూపిస్త" అనేటోడు.

వాళ్ల తాత బొంబాయిల మూగ సినిమాలల్ల రాజు వేషాలు ఏసేటోడట. ఇంతల సినిమాకు మాటొచ్చింది. తాత హిందీ మాట్లాడితే అండ్ల మన కరీంనగర్ యాస దుంకేదట. రాజు వేషం పోయింది. ఇగ మిగిలినయి, మాట లేకుంట చచ్చే సిపాయి వేషాలే. బాణం తాకంగనే ఛాతి మీద చెయ్యేసుకొని, సగం తిరిగి పడేటోడు. మైకు ఇంటది కాబట్టి, దెబ్బ తగల్లేదని తోటోళ్లకు నోటితోని చెప్పరాదు. అందుకే పడ్డంక చిటికెన వేలు లేపేటోడు.

మేస్త్రి అచ్చం అట్లనే పడి వేలు లేపేటోడు. పాకిస్తానోళ్లు, బెంగాలోళ్లు గూడ చప్పట్లు కొట్టేటోళ్లు. అండ్ల మాటలతోని పనే లేదు గద.

పోయిన ఎండకాలం గోదాం పని కాడ మేస్త్రి ఛాతి మీద చెయ్యేసుకున్నడు. సగం తిరిగి పడ్డడు. అందరం చప్పట్లు కొట్టినం. నవ్వుకుంట, వేలు ఎప్పుడు లేస్తదా అని చూసినం.

"లే మేస్త్రీ, ఫోర్మన్ వస్తున్నడు" అన్న నేను.

వేలు లేవలే. మేస్త్రి ఊరికి శవప్పెట్టెల పోయిండు.

ఇప్పుడు గదిల ఎవరు నడుం వాల్చినా నా పానం ఆగది. పోయి ముందుగాల వాళ్ల చిటికెన వేలు చూస్త.