నాయనమ్మ పెట్టనన్న అన్నం

మొన్న మనవరాలు ఫోనులో ఒక చిన్న సినిమా చూపించింది. ఊళ్లోకి ఒంటరిగా వచ్చిన అపరిచితుడి కథ. అంతసేపూ ఊపిరి బిగబట్టించి, చివరికి వాడెవడో, ఎందుకొచ్చాడో అంతా విప్పి చెప్పేశారు. బాగుందా అని అడిగితే లేదన్నాను, మూతి ముడుచుకుంది. అలాంటి సినిమా ఒకటి తన తాత ఎప్పుడో తీశాడని దానికేం తెలుసు.

మాది దువ్వాడకు అవతల, తర్వాత ఉక్కు ఫ్యాక్టరీ కింద పోయిన ఊళ్లలో ఒకటి. డెబ్బైల్లో ఒక మధ్యాహ్నం తెల్లచొక్కా, గొడుగు, చేతిసంచీతో ఒక మనిషి వచ్చి, ఈ పొలం ఎవరిది, ఆ గట్టు ఎంతవరకు అని అడుగుతూ తిరిగాడు. పిల్లనివ్వాలనుకునేవాళ్లు ముందుగా ఒకరిని చెప్పాపెట్టకుండా పంపి ఆస్తిపాస్తులు ఆరా తీయించడం మా వైపు మామూలే. పైగా చిన్నాన్న పెళ్లీడుకొచ్చి ఉన్నాడు. ఇంకేముంది, నాయనమ్మ ఆయన్ని అరుగు మీద కూర్చోబెట్టి, చేపల పులుసుతో అన్నం పెట్టి, పక్కవాళ్ల పొలం చెక్కను కూడా మాదేనని కలిపి చూపించింది. సంబంధం రాలేదు, ఆ మనిషి వెనకే ఫ్యాక్టరీకి భూములు కొలిచే గొలుసు వచ్చింది.

నేను పోర్టులో గుమస్తాగా చేరిన కొత్తలో, ఊరు ఖాళీ చేసే ముందు, బావ ఎవరి దగ్గరో ఎరువు తెచ్చిన కెమెరాతో ఆ కథనే తీశాను. అపరిచితుడు బావ, నాయనమ్మగా నాయనమ్మే. ఆఖరున ఏమీ తెలియని ముసలమ్మ వాడికి అన్నం పెట్టాలి, రీలు ఆ ఒక్క షాటుకే మిగిలింది. కెమెరా తిరుగుతుండగా నాయనమ్మ కంచం తెచ్చింది, తెల్లచొక్కాలో ఉన్న బావను ఎగాదిగా చూసింది.

"ఓపాలి ఎట్టీసినాను. ఆటకైనా మరెట్టను. ఎల్లమను ఈడ్ని," అని కంచంతో సహా లోపలికి పోయి తలుపు వేసుకుంది.

మాటలు పట్టే కెమెరా కాదది, మూసిన తలుపే మిగిలింది. ద్వారకా నగర్‌లో చిన్న సినిమాల పోటీ పెట్టిన పెద్దమనుషులు, వాడెవడో చివర ఒక అట్ట మీద రాసి చూపించు, బహుమతి నీకే అన్నారు. రాయనన్నాను. నాకు ఒళ్లు మండింది. ఎవరికోసం రాయాలి? ఊరికి బదులు ఇచ్చిన కొత్త కాలనీలో దుప్పటి కట్టి మా ఊరివాళ్లకు వేస్తే వాడెవడని ఒక్కరూ అడగలేదు, తలుపు పడగానే అందరూ లేచి ఈలలు వేశారు. నాయనమ్మ మాత్రం కొంగుతో ముఖం తుడుచుకుంది.

ఇప్పుడు భూమి కొలవడానికి మనిషి రానక్కర్లేదట, ఆకాశం నుంచే కొలిచేస్తారట. ముఖం మీద తలుపు వేయడానికి మాకు ఎదురుగా ఒక మనిషైనా ఉండేవాడు. ఆ రీలు బూజుపట్టి పాడైపోయింది. ఆ అట్ట మాత్రం రాయలేదు, ఇప్పుడడిగినా రాయను.