ఒకే వంకర

మా అక్క భర్త కాలేజీలో లెక్కలు చెప్పేవాడు. మనసంతా జ్యామితి మీదే. కంచం ముందు కూర్చుని తడివేలితో బల్ల మీద కోణాలు గీస్తుంటే అక్క, "ముందు ముద్ద నోట్లో పెట్టుకోండి, కోణం ఎక్కడికీ పోదు" అనేది.

ఉద్యోగం ఆ ఊళ్లోనే దొరకడంతో నేను కొన్నేళ్లు వాళ్లింట్లో ఉన్నాను. ఇంట్లో ఉంటే పుస్తకం పట్టుకుని ఒక మూల కూర్చునేదాన్ని. బావ కుదురుగా కూర్చోగా నేను చూడలేదు. నిలబడే గీసేవాడు, నడుస్తూ ఆలోచించేవాడు.

స్కేలు, కంపాస్ ముట్టేవాడు కాదు. కావాలనే వట్టి చేత్తో వంకరగా గీసేవాడు. అందంగా గీసిన బొమ్మ, లేనిదాన్ని ఉన్నట్టు చూపించి మోసం చేస్తుందట. "నా మొహంలా ఉన్న బొమ్మ అయితేనే బుర్ర పనిచేస్తుంది మరదలా" అనేవాడు.

జీవితమంతా మోసిన సిద్ధాంతం ఒక్కటే. ఏ త్రిభుజానికైనా అది నిజమని నిరూపించి పంపాడు. లెక్కల పత్రిక వాళ్లు వేస్తామన్నారు. ఆయన పేరుతో నిలవబోయేది అదొక్కటే.

అచ్చుకి ముందు సరిచూడమని పత్రిక నుంచి ప్రూఫులు వచ్చాయి. సరిగ్గా అప్పుడే మెట్ల మీద జారి కుడి మణికట్టు బెణికింది. ఊరుకోలేక ఎడం చేత్తో బొమ్మ వేసుకుంటూ చదవసాగాడు. ఆ చెయ్యి మాట వినక త్రిభుజం ఒక పక్కకి బార్లా తెరుచుకుంది. నిరూపణంతా ఆధారపడ్డ చుక్క ఒకటి, త్రిభుజం లోపల పడాల్సింది, బయట పడింది.

మళ్లీ గీశాడు. బయటే. పాత కాగితాలన్నీ నేలమీద పరిచాడు. అన్ని బొమ్మలూ వంకరే, కానీ ఒకే వంకర. కుడిచెయ్యి ఎన్నడూ లంబకోణాన్ని మించిన వెడల్పు కోణం గీయలేదు. చుక్క లోపలే పడుతుందని ఆయన నిరూపించలేదు, చూశాడంతే.

ఇక ఇంట్లో ఎవరికీ స్థిమితం లేదు. చెప్పులేసుకుని వీధి చివరిదాకా వెళ్లి, ఎందుకెళ్లాడో మరిచి తిరిగొచ్చేవాడు. వెడల్పు త్రిభుజానికి సిద్ధాంతం అబద్ధమో, నిజమే అయినా దారి వేరో తేలడం లేదు. పత్రిక వాళ్లే కనిపెట్టలేదు కదా, అచ్చు కానిచ్చి తర్వాత చూసుకోమని అక్క నచ్చజెప్పింది.

"అచ్చయితే అది నిజమని నేనే నమ్మేస్తానే," అన్నాడు బావ. "ఇక వెతకను."

మర్నాడు ప్రూఫులు పట్టుకుని నేనూ వెంట వెళ్లాను. పత్రిక సంపాదకుడు ఆయనతో చదువుకున్నవాడే. 'ఏ త్రిభుజానికైనా' అన్న మాట కొట్టేయించి, కోణాలన్నీ లంబకోణం కంటే చిన్నవైతేనే అని రాయించాడు బావ. చివర ఒక వాక్యం చెబితే నేను రాశాను: మిగతా త్రిభుజాల సంగతి నాకు తెలియదు.

"బిందె అమ్ముతూ చిల్లు చూపించేవాడివి నువ్వొక్కడివేరా," అన్నాడు సంపాదకుడు. బావ అప్పటికే గుమ్మం దాటాడు.

పత్రిక వచ్చిన రోజు అక్కే తెరిచింది. నేరుగా చివరి వాక్యానికి వెళ్లి, "తెలియదని అచ్చు వేయించుకున్న మనిషిని మిమ్మల్నే చూశాను" అంది. అది దెప్పడమో, మురిసిపోవడమో నాకు తెలియలేదు. బావ పత్రిక కోసం చెయ్యి చాపలేదు. ఒక వెడల్పు త్రిభుజంతో తగువులో ఉన్నాడు. ఆయన ఉన్నన్నాళ్లూ ఆ తగువు తెగలేదు.